చిట్టాలో పేరు లేని మనిషి

లెక్కలు రాసే చోట పుస్తకాలు రెండు. జరిగింది జరిగిన వరసలో, జరిగిన రోజే రాసుకుపోయేది చిట్టా. ఆ తర్వాత తీరిగ్గా కూర్చుని ఖాతాల వారీగా విడదీసి ఎక్కించుకునేది ఆవర్జా. చిట్టాలో కొట్టివేతలుంటాయి, ఒక పద్దుకీ తర్వాతి పద్దుకీ పొంతన ఉండదు. ఆవర్జా చూడముచ్చటగా ఉంటుంది. అయినా తగువు ముదిరి కోర్టుకెక్కితే ప్లీడరు ముందు చిట్టా ఎక్కడయ్యా అని అడుగుతాడు. డాక్యుమెంటరీ సినిమాల్లోనూ ఈ రెండు జాతులూ ఉన్నాయి. డాన్ లెట్స్ అనే లండన్ దర్శకుడు 1978లో చిట్టా లాంటి సినిమా ఒకటి విడుదల చేశాడు. ఇరవై ఏళ్లు పైబడ్డాక అదే కాలాన్ని గురించి ఆవర్జాల్లాంటి సినిమాలు రెండు తీశాడు. ఆవర్జాలకు పేరు వచ్చింది, అందులో ఒకదానికి పెద్ద బహుమతి కూడా వచ్చింది. నా ఓటు మాత్రం చిట్టాకే. ఎందుకో చెప్పాలి. ఆ చిట్టాలో ఉన్న ఒక పెద్ద లోటు గురించి కూడా చెప్పాలి. మన పత్రిక చదివేవాళ్లకు ఆ లోటే ఎక్కువ పట్టవలసిన సంగతని నా ఉద్దేశం.

ముందుగా కాలం, స్థలం. 1976-77 నాటి ఇంగ్లండు. చదువు ముగిసిన కుర్రకారుకు ఉద్యోగాల్లేవు. రేడియోలో వినిపించే రాక్ సంగీతం కోటీశ్వరుల వ్యవహారమైపోయింది. ఒక్కో పాట ఇరవై నిమిషాలు, ఒక్కో కచేరీకి లారీల కొద్దీ సామాను. దాని మీద విసుగెత్తి, గిటారు మీద మూడు స్వరమేళనాలు వస్తే చాలు వేదిక ఎక్కెయ్యవచ్చునని తీర్మానించుకున్న పిల్లల సంగీతానికి 'పంక్' అని పేరు పడింది. పాట రెండు మూడు నిమిషాలు. గొంతు కీచుగా ఉన్నా పరవాలేదు, కోపం మాత్రం నిజమైనదై ఉండాలి. సెక్స్ పిస్టల్స్, క్లాష్, డామ్‌డ్, స్లిట్స్, ఎక్స్-రే స్పెక్స్ వంటివి ఆ బ్యాండ్ల పేర్లు. 1976 డిసెంబరు 1న బిల్ గ్రండీ అనే టెలివిజన్ వ్యాఖ్యాత సెక్స్ పిస్టల్స్ కుర్రవాళ్లను రెచ్చగొట్టగా వాళ్లు కెమెరా ముందే బూతులు తిట్టారు. మర్నాటికి దేశమంతా గగ్గోలు. వాళ్ల కచేరీలు చాలా ఊళ్లలో రద్దయ్యాయి.

'న్యూ వేవ్' అన్న పేరుకు కొంచెం వేరే కథ ఉంది. అది సినిమా నుంచి సంగీతానికి అరువు వచ్చిన మాట. 1950ల చివర ఫ్రెంచి సినిమాలో కొత్తవాళ్లు తెచ్చిన మార్పుకు పెట్టిన పేరది, మనవాళ్లు నవతరంగమన్నారు. పంక్ అనే మాట వింటేనే రేడియో వాళ్లు జడుసుకుంటున్నారని, 1977లో అమెరికాలో సైర్ రికార్డుల కంపెనీకి చెందిన సేమూర్ స్టైన్ ఆ సరుకునే న్యూ వేవ్ అని పిలవండని ప్రచారం మొదలుపెట్టాడు. పోనుపోను ఆ పేరు కింద మరింత మెత్తని, మరింత నాజూకైన సంగీతం వచ్చి చేరింది. తొలి రోజుల్లో మాత్రం డబ్బా ఒకటే, అంటించిన చీటీలు రెండు.

ఈ గొడవంతా తెల్లవాళ్లది. దాన్ని లోపలినుంచి తొలిగా సినిమా తీసినవాడు నల్లవాడు. విచిత్రం ఇక్కడ మొదలవుతుంది.

డాన్ లెట్స్ 1956లో లండన్‌లో పుట్టాడు. తల్లిదండ్రులు జమైకా నుంచి వలస వచ్చినవారు. 1948లో 'ఎంపైర్ విండ్‌రష్' అనే ఓడ కరేబియన్ దీవుల జనాన్ని తెచ్చి టిల్‌బరీ రేవులో దింపింది. ఆ తర్వాత వచ్చినవాళ్లందరినీ కలిపి విండ్‌రష్ తరం అంటారు. లెట్స్ వాళ్ల బిడ్డ. తండ్రికి ఆదివారాలు నలుగురినీ చేర్చి రికార్డులు వేసే సరదా ఉండేది. మన భాషలో చెప్పాలంటే సొంత మైకు సెట్టు గల మనిషి. కొడుకు చదివింది ఓవల్ క్రికెట్ మైదానం పక్కనున్న గ్రామర్ స్కూల్లో. నల్లపిల్లలు నామమాత్రంగా ఉన్న బడి అది. 1968 ఏప్రిల్ 20న ఈనాక్ పవల్ అనే పార్లమెంటు సభ్యుడు వలస వచ్చినవాళ్ల మీద విషం కక్కుతూ బర్మింగ్‌హాంలో ఉపన్యసించాడు. ఆ మర్నాటి నుంచి తోటి పిల్లల చూపు మారిపోయిందని లెట్స్ తరవాత చెప్పుకున్నాడు. అప్పుడతనికి పన్నెండేళ్లు. పదహారూ పదిహేడేళ్ల వయసులో జమైకాలో తయారైన 'ది హార్డర్ దే కమ్' అనే 1972 నాటి సినిమా చూసి, తనూ సినిమా తియ్యాలనుకున్నాడు. మన వాళ్ల ముఖాలు, మన వాళ్ల యాస తెర మీద చూడవచ్చునని ఆ పిల్లవాడికి అప్పుడే తెలిసింది.

సినిమా తీసే దారి ఎక్కడుంది? దొరికింది బట్టల కొట్టు. లండన్ కింగ్స్ రోడ్డులో 'ఆక్మే అట్రాక్షన్స్' అనే దుకాణాన్ని 1970ల మధ్యలో లెట్స్ చూసుకునేవాడు. అక్కడ రోజంతా జమైకా రెగె రికార్డులు మోగుతుండేవి. పంక్ కుర్రవాళ్లు బట్టలకని వచ్చి, పాటల కోసం నిలబడిపోయేవారు. నేను కామర్సు చదివినవాణ్ణి కనుక నాకు ముచ్చట గొలిపిన సంగతి ఒకటుంది. ఆ దుకాణానికి లెక్కలు రాసిన మనిషి పేరు ఆండీ చెజోవ్‌స్కీ. దుకాణానికి ఎలాంటి గిరాకీ వస్తోందో, వాళ్లు సాయంత్రాలు పోవడానికి ఒక చోటంటూ లేదని గమనించి, ఆ లెక్కల మనిషే కావెంట్ గార్డెన్‌లో నీల్ వీధిలో 'రాక్సీ' అనే క్లబ్బు తెరిచాడు. కావెంట్ గార్డెన్ కూరగాయల బజారు 1974లో నది అవతలికి తరలిపోయింది. పాత గోదాములు, చీకటి సందులు మిగిలాయి. అక్కడ 1977 జనవరి 1న క్లాష్ బ్యాండు వాయిద్యంతో రాక్సీ నడక లాంఛనంగా మొదలైంది. చెజోవ్‌స్కీ చేతుల్లో అది నడిచింది సుమారు వంద రోజులు మాత్రమే. లాభనష్టాల పట్టీ చూస్తే పనికిమాలిన వ్యాపారం. కాని ఇంగ్లండు సంగీత చరిత్ర రాసేవాళ్లెవరూ ఆ వంద రోజులను దాటవెయ్యలేరు.

అక్కడ బ్యాండుకూ బ్యాండుకూ మధ్య రికార్డులు వెయ్యడానికి లెట్స్‌ను పెట్టుకున్నారు. వెయ్యడానికి పంక్ రికార్డులేవి? ఇంగ్లండులో మొదటి పంక్ రికార్డుగా చెప్పుకునే డామ్‌డ్ వారిది వచ్చింది 1976 అక్టోబరులో. సెక్స్ పిస్టల్స్ మొదటి రికార్డు నవంబరులో. జనవరి నాటికి ఉన్నవన్నీ చేతి వేళ్ల మీద లెక్కపెట్టవచ్చు. అంచేత లెట్స్ తన ఇంట్లో ఉన్నవి పట్టుకొచ్చి వేశాడు. అవి రెగె పాటలు. తండ్రి మైకు సెట్టు వారసత్వం తెల్లపిల్లల నేలమాళిగలో మోగింది. ఒక కొరత వల్ల జరిగిన పని ఇది. సిద్ధాంతం చేసి, సభ పెట్టి చేసింది కాదు. దాని ఫలితం మాత్రం దూరం పోయింది. క్లాష్ తమ మొదటి ఆల్బంలోనే జూనియర్ మర్విన్ జమైకా పాటను తమ ఫక్కీలో పాడారు. నలుగురు ఆడపిల్లల బ్యాండు స్లిట్స్, 1979లో వచ్చిన తమ తొలి ఆల్బానికి బార్బడోస్‌లో పుట్టిన డెనిస్ బోవెల్‌ను నిర్మాతగా పెట్టుకున్నారు. ఆ రోజుల్లో లండన్‌లో ఉన్న బాబ్ మార్లీ మొదట ఈ పిల్లలను చూసి మొహం చిట్లించాడనీ, ఆ పిన్నుల, గొలుసుల దుస్తుల విషయంలో తనతో వాదన పెట్టుకున్నాడనీ లెట్స్ చెబుతాడు. ఆ మార్లీయే 1977లో పంక్‌నూ రెగెనూ ఒక పందిట్లో కూర్చోబెట్టి పాట కట్టాడు.

ఇక సినిమా. లెట్స్‌కు ఒక ఫాషన్ పత్రిక సంపాదకురాలు సూపర్ ఎయిట్ కెమెరా ఒకటి బహుమతిగా ఇచ్చింది. ఇంట్లో పిల్లల పుట్టినరోజులు తీసుకోవడానికి వాడే కెమెరా అది. అందులో ఫిల్మును యాభై అడుగుల చిన్న పెట్టెలో పెట్టి అమ్ముతారు. సెకనుకు పద్దెనిమిది బొమ్మల లెక్కన తీస్తే మూడు నిమిషాల ఇరవై సెకన్లు, ఇరవై నాలుగు లెక్కన తీస్తే రెండున్నర నిమిషాలు. అంతే, పెట్టె అయిపోయింది, మార్చుకోవాలి. పంక్ పాట నిడివీ ఇంచుమించు అంతే. ఇది కాకతాళీయమే కాని, సినిమా నడకను నిర్ణయించింది ఇదే. పాటకో పెట్టె. పాట మధ్యలో పెట్టె అయిపోతే బొమ్మ అక్కడితో సరి. తను సినిమా తీస్తున్నానని కూడా మొదట లెట్స్‌కు తెలియదట. అతను ఏదో సినిమా తీస్తున్నాడని 'న్యూ మ్యూజికల్ ఎక్స్‌ప్రెస్' వారపత్రికలో పడ్డ ముక్క చూసి, అయితే తీసేద్దామనుకున్నాడట. అలా కూడినవన్నీ అతికించి 1978లో 'ది పంక్ రాక్ మూవీ' అని విడుదల చేశాడు.

కథ చెప్పే గొంతు లేదు. ఇతనెవరు, ఇది ఎప్పుడు అని విప్పి చెప్పే నాథుడు లేడు. బొమ్మ గింజలు గింజలుగా ఉంటుంది. శబ్దం పగిలిపోతుంటుంది. కెమెరా జనంలో నిలబడి ఉంది కనుక ఎవరి భుజమో అడ్డొస్తుంది, ఎవడో తోస్తే బొమ్మ ఊగుతుంది. మామూలు లెక్కన ఇవన్నీ తప్పులు. నేను వీటిని గొప్పలుగా చెప్పబోవడం లేదు. గంటన్నర సేపు చూస్తే తలనొప్పి వచ్చే మాట నిజం. అయితే గ్రండీ కార్యక్రమంలో స్టూడియో కెమెరాలు, ధారాళంగా వెలుతురు, అనుభవజ్ఞుడైన వ్యాఖ్యాత, అన్నీ ఉన్నాయి. దొరికింది ఏమిటి? నాలుగు బూతులు. లెట్స్ కెమెరా ముందు అదే కుర్రవాళ్లు వెక్కిరిస్తారు, సిగ్గుపడతారు, అలిసిపోయి మూలన కూలబడతారు. రెచ్చగొట్టేవాడు అవతల లేనందువల్ల ప్రదర్శన అక్కర్లేకపోయింది.

ఇస్లింగ్‌టన్‌లో 'స్క్రీన్ ఆన్ ది గ్రీన్' అనే సినిమా హాలు ఉంది. 1977 ఏప్రిల్ 3న అక్కడ జరిగిన సెక్స్ పిస్టల్స్ కచేరీ దృశ్యాలు ఇందులో ఉన్నాయి. సిడ్ విషస్ ఆ బ్యాండుతో జనం ముందుకు వచ్చింది ఆ రాత్రే మొదలు. అతనికి అప్పటికి పందొమ్మిదేళ్లు. 1979 ఫిబ్రవరిలో, ఇరవై రెండేళ్లు నిండకుండానే, మత్తుమందు పుచ్చుకుని చనిపోయాడు. ఆ తర్వాత అతన్ని గురించి వచ్చిన సినిమాలన్నీ ఆ చావు వైపు నుంచి వెనక్కి చూస్తాయి. అతను నవ్వినా అందులో అపశకునం వెతుకుతాయి. లెట్స్ కెమెరాకు ఆ చావు తెలియదు. అక్కడ ఉన్నది గిటారు సరిగ్గా రాని, అయినా నదురూ బెదురూ లేని ఒక పొడుగాటి కుర్రవాడు, అంతే. స్లిట్స్‌లో పాడే ఆరీ అప్‌కు అప్పటికి పదిహేనేళ్లు. ఆమె 2010లో పోయింది, పోలీ స్టైరీన్ 2011లో పోయింది. వీళ్లు గొప్పవాళ్లవుతారని గాని, పోతారని గాని తెలియని కన్ను చూసిన చూపు అది. చిట్టా అని నేనన్నది ఇందుకే. పద్దు రాసినవాడికి సంవత్సరాంతపు మొత్తం తెలియదు.

ఒప్పుకోలేనిది కూడా ఒకటుంది. ఈటర్ అనే బ్యాండు పిల్లలు వేదిక మీద పందితల తెచ్చి నరుకుతారు. ఇంకోచోట ఒక కుర్రవాడు ఒంటి మీద తనే కోసుకుంటాడు. కెమెరా కదలకుండా చూస్తుంది. 'నేను ఉన్నది ఉన్నట్టు తీశాను' అని దర్శకుడు అనవచ్చు. కాని కెమెరా ఉందని తెలిసే ఆ పని జరిగిందేమో అన్న శంక ప్రేక్షకుడికి మిగులుతుంది. స్నేహితుడిగా లోపలికి రానిచ్చిన చోట స్నేహితుడు చెయ్యవలసిన పని చేతిలోని బ్లేడు లాక్కోవడం. ఇరవై ఒక్క ఏళ్లవాణ్ణి ఇప్పుడు కూర్చుని నిలదియ్యడం సులువే. అయినా సినిమా మాత్రం ఆ ప్రశ్నను తనంతట తాను ఎక్కడా వేసుకోలేదు.

ఇప్పుడు మొదట చెప్పిన లోటుకు వద్దాం. రాక్సీలో జరిగిన వాటిలో చివరిదాకా నిలిచిన సంగతి ఏది? నా లెక్కన, ఆ పందితల కాదు, ఆ బూతులూ కాదు. బ్యాండుకూ బ్యాండుకూ మధ్య ఒక నల్ల కుర్రవాడు జమైకా పాటలు వెయ్యడం, తెల్లపిల్లలు వాటిని చెవులప్పగించి వినడం. సినిమాలో బ్యాండ్లున్నాయి, కేకలున్నాయి, వరసగా ముఖాలున్నాయి. ఆ రికార్డులు వేసిన మనిషి లేడు. ఎలా ఉంటాడు? కెమెరా అతని చేతిలోనే ఉంది. చరిత్రను అచ్చంగా మార్చిన ఆ అరగంటల విరామాలు 'ఏమీ జరగని సమయం' కింద జమకట్టి వదిలేసినట్టయింది. ఫిల్ము పెట్టె ఖరీదు పెట్టి కొనాలి, అది బ్యాండు వేదికెక్కాక వాడతారు గాని విరామంలో వాడతారా! లెట్స్ తప్పని నేననడం లేదు. కాని చిట్టా రాసినవాడు తన పద్దు తను రాసుకోలేదన్నది నిజం.

ఇది మనకు తెలియని సంగతి కాదు. హోసూరులో గాని, బళ్లారిలో గాని, బరంపురంలో గాని, షోలాపురంలో గాని మన బతుకు రెండు భాషల మధ్య గుమ్మంలో ఉంది. వందల ఏళ్లుగా స్థిరపడ్డవాళ్లం, నిన్న మొన్న ఓడ దిగినవాళ్లం కాము. రంగును బట్టి వేలెత్తి చూపించే అవస్థ కూడా లేదు. పోలిక అంతవరకే. అయినా ఇటువాళ్ల మాట అటువాళ్లకు, అటువాళ్ల పాట ఇటువాళ్లకు చేరవేసే పని మనకు అలవాటు. మా బ్యాంకు కౌంటరు దగ్గర వేరుశనగ రైతు తన గోడు తెలుగులో చెప్పుకుంటాడు. అర్జీ కన్నడంలో తయారవుతుంది. మధ్యన ఆ మాటను ఈ మాటగా మార్చి రాసిపెట్టిన గుమాస్తా పేరు ఏ కాయితం మీదా ఉండదు. కాయితం చూసిన పైఅధికారికి రైతు కన్నడంలోనే మాట్లాడాడనిపిస్తుంది. పంక్ చరిత్ర రాసినవాళ్లకు చాలాకాలం ఆ రెగె గాలి వాటంగా వచ్చి చేరినట్టే కనిపించింది.

ఒక్క ఛాయాచిత్రంలో మాత్రం లెట్స్ కెమెరాకు ఇటు పక్క దొరికాడు. 1976 ఆగస్టులో నాటింగ్ హిల్ ఉత్సవంలో నల్ల కుర్రకారుకూ పోలీసులకూ పెద్ద కొట్లాట జరిగింది. బారులు తీరిన పోలీసుల ఎదుట జడలు కట్టిన జుట్టుతో ఒంటరిగా నడుస్తున్న మనిషి బొమ్మను క్లాష్ వారు 1980లో 'బ్లాక్ మార్కెట్ క్లాష్' రికార్డు అట్ట మీద వేసుకున్నారు. ఆ మనిషి లెట్స్. అట్ట కొన్నవాళ్లలో ఎంతమందికి అతని పేరు తెలుసో!

తరవాతి పనులను గబగబా చెబుతాను. 1979 డిసెంబరులో క్లాష్ వారి 'లండన్ కాలింగ్' పాటకు లెట్స్ చిన్న చిత్రం తీశాడు. బాటర్సీ పార్కు దగ్గర థేమ్స్ నది మీద, రాత్రిపూట. కెమెరాను పడవలో పెట్టాడు. ఆ నదికి ఆటుపోటులున్నాయని అతనికి తెలియదు. నీరు తీసి పడవ కిందికి దిగిపోయింది, పైగా వాన పట్టుకుంది. ఇవాళ ఆ వానే ఆ చిత్రానికి ప్రాణం. 1982లో 'మ్యూజికల్ యూత్' అనే అయిదుగురు నల్ల బాలుర బ్యాండును తీసుకెళ్లి, పార్లమెంటు భవనం వెనక కనిపించేలా నది ఒడ్డున నిలబెట్టి పాడించాడు. వ్యాఖ్యానం లేదు, చట్రంలో ఏది ముందుండాలో ఏది వెనకుండాలో ఎంచుకోవడంతోనే చెప్పదలచుకున్నది చెప్పేశాడు. నాకు బాగా నచ్చిన లెట్స్ ఇతనే. 1984లో క్లాష్ నుంచి బయటపడ్డ మిక్ జోన్స్‌తో కలిసి 'బిగ్ ఆడియో డైనమైట్' బ్యాండులో చేరాడు. వాయించడం రాదు. ఏ మీట ఎప్పుడు నొక్కాలో గుర్తుకు కీబోర్డు మీద రంగు కాయితాలు అంటించుకున్నాడు. పాటల నడుమ సినిమాల్లోని సంభాషణల ముక్కలు వినిపించడం అతని వాటా.

1981లో క్లాష్ న్యూయార్కులో బాండ్స్ అనే చోట వరసగా కచేరీలు చేశారు. లెట్స్ వెంట ఉండి తీశాడు. ఆ సినిమా పూర్తి కాలేదు. నెగటివు ఒక గోదాములో ఉండగా అద్దె కట్టేవాడు లేక అది నాశనమైపోయిందని లెట్స్ చెప్పుకున్నాడు. మిగిలిన తుంపులు తరవాత ఒక డీవీడీకి అనుబంధంగా వచ్చాయి. తాకట్టు పెట్టిన నగకైనా వేలానికి ముందు నోటీసు పంపే ఆనవాయితీ ఉంది.

ఆ అనుబంధం వచ్చింది 2000లో తీసిన 'వెస్ట్‌వే టు ది వరల్డ్' డీవీడీతో. క్లాష్ బ్యాండు పుట్టుక, పెరుగుదల, పతనం చెప్పే సినిమా. 2003 ఫిబ్రవరిలో దీనికి గ్రామీ బహుమతి వచ్చింది. అప్పటికి రెండు నెలల కిందటే, 2002 డిసెంబరు 22న, బ్యాండు గాయకుడు జో స్ట్రమ్మర్ యాభయ్యో ఏట గుండె ఆగి మరణించాడు. (ఈ స్ట్రమ్మర్ అసలు పేరు జాన్ మెల్లర్. విదేశాంగ శాఖలో పనిచేసిన ఆయన తండ్రి మన లక్నోలో పుట్టినవాడు.) ఆవర్జా అన్నాను కదా, ఇది బాగా రాసిన ఆవర్జా. నలుగురినీ వేరు వేరుగా కూర్చోబెట్టి మాట్లాడించాడు. పాత స్నేహం వల్ల వాళ్లు మనసు విప్పారు. మత్తుమందు అలవాటు వల్ల 1982లో బ్యాండు నుంచి వెళ్లగొట్టబడిన డ్రమ్మర్ టాపర్ హెడన్ అందరికీ క్షమాపణ చెప్పుకుంటాడు, ఆ వెంటనే మళ్లీ అదే పరిస్థితి వస్తే మళ్లీ అదే చేస్తానేమోనంటాడు. అలాంటి మాట పైవాడికి చెప్పరు. అక్కడ ముఖం మీద నిలిచిన కెమెరా తొందరపడదు. ఆ ఒక్క ఘట్టం కోసం బహుమతి ఇచ్చినా తప్పులేదు.

కాని ఆ స్నేహమే అడ్డు కూడా పడింది. మిక్ జోన్స్‌ను 1983లో తీసేశాక మిగిలినవాళ్లు అదే పేరుతో ఇంకో రెండేళ్లు నెట్టుకొచ్చారు, 1985లో ఒక ఆల్బం కూడా తెచ్చారు. ఆ అధ్యాయం మాట ఈ సినిమాలో లేనట్టే. నచ్చని ఖాతాను చడీచప్పుడూ లేకుండా మూసేసినట్టుంది. బ్యాండును నడిపించిన బెర్నార్డ్ రోడ్స్‌ను గురించి అందరూ చెబుతారు, ఆయన చెప్పేది వినిపించదు. ఈ సందర్భంలో జూలియన్ టెంపుల్‌ను తలుచుకోవాలి. అతను సెక్స్ పిస్టల్స్ మీద 1980లో ఒక సినిమా తీశాడు, అందులో కథంతా మేనేజరు మాల్కం మెక్లారెన్ వైపు నుంచి నడుస్తుంది. మళ్లీ 2000లో అదే బ్యాండు మీద ఇంకో సినిమా తీశాడు, ఈసారి బ్యాండు కుర్రవాళ్ల వైపు నుంచి. అప్పుపద్దు వేరే పుస్తకం, జమపద్దు వేరే పుస్తకం. రెండూ పక్కపక్కన పెట్టుకుని ప్రేక్షకుడు సరిచూసుకోవచ్చు. లెట్స్ మనకు ఇచ్చింది ఒక పుస్తకమే.

2005 నాటి 'పంక్: ఆటిట్యూడ్' గురించి ఎక్కువ చెప్పడానికి లేదు. అమెరికాలో మొదలైన నాటి నుంచి నిర్వాణ బ్యాండు దాకా ముప్ఫై నలభై ఏళ్ల చరిత్రను గంటన్నరలో కుదించాడు. ఒకరి తర్వాత ఒకరు వచ్చి కూర్చుని పంక్ అంటే ఏమిటో నిర్వచిస్తారు. తెలియనివాళ్లకు ఉపయోగమే. కాని నిర్వచనం అక్కర్లేనంత దగ్గరగా నిలబడి తీసిన మనిషి, నిర్వచనాలు పోగుచెయ్యడానికి ఊరూరా తిరిగినట్టుంది. ఇందులో ఎవరికీ ఏ సందేహమూ లేదు, అందరికీ అంతా ముందే తెలుసు. మొదటి సినిమాలో కెమెరాను తోసిన భుజం ఇక్కడ ఒక్కటీ లేదు.

లెట్స్ తన కథను చివరికి కాయితం మీద పెట్టాడు. 2007లో ఒక పుస్తకం, 2021లో ఆత్మకథ. సినిమాగా మాత్రం ఇంకొకరు తియ్యవలసి వచ్చింది. విలియం బాడ్జ్‌లీ 2020లో 'రెబెల్ డ్రెడ్' అని తీశాడు. అందులో లెట్స్ కూర్చుని కావలసినంత మాట్లాడతాడు; మాటకారి, హాస్యప్రియుడు, తనను తాను చిన్నబుచ్చుకోని మనిషి. రాక్సీలో తను రికార్డులు వేసిన రాత్రుల గురించి మొదటి సినిమాలో లేనిదంతా నోటితో చెబుతాడు. అయితే ఎక్కువభాగం చెప్పడమే. చూపించడానికి బొమ్మ కావాలంటే తిరిగి ఆ సూపర్ ఎయిట్ ముక్కల దగ్గరికే పోవాలి. ఆ ముక్కల్లో బ్యాండ్లున్నాయి.

చూడదలచినవారు ముందు 1978 సినిమానే చూడాలని నా సలహా. ఒకేసారి కాకుండా రెండు విడతలుగా చూస్తే తలనొప్పి ఉండదు. ఆ తర్వాత 'వెస్ట్‌వే' చూడండి. ఆ డీవీడీలో న్యూయార్కు తుంపులను కూడా వదలవద్దు. అరగంటే ఉంటుంది గాని లెట్స్ చెయ్యి పాత చెయ్యే. 'లండన్ కాలింగ్' మూడు నిమిషాల పైచిలుకు మాత్రమే కనుక ఎప్పుడైనా చూడవచ్చు. వాన మొదలయ్యాక పడవలోంచి తీసిన బొమ్మల్లో కెమెరా ఎంత కిందినుంచి పైకి చూస్తోందో గమనించండి. పోటు తీసిన లెక్క అందులో తెలిసిపోతుంది.